సైక్లోను, తుపాను, ఉప్పెన: ఒక పదవిచారము

భాషలోని మాటలు సాధారణముగా జన్మపత్రిక లేకయే తిరుగుచుండును. తొలుత ఎవరు పలికిరో, ఏ యూర పలికిరో, ఏ యవసరమునకు పలికిరో తెలియదు. అవి తెలిసిన మాటలు ఏ భాషయందైనను కొద్ది. ఆంగ్లములోని ‘సైక్లోను’ అను మాట అట్టి కొద్దివానిలో నొకటి. దీని కర్త యెవరో తెలియును. పుట్టిన యూరు తెలియును. ఏ గ్రంథమున ఏ కారణము చెప్పి దీనిని ప్రతిపాదించిరో తెలియును. మనవారిలో పెక్కుమంది ఇది ఇంగ్లండునుండి ఓడనెక్కి వచ్చిన మాటయని తలతురు. నిజమునకు ఇది కలకత్తాలో పుట్టి ఇంగ్లండునకు ఓడనెక్కి పోయినది. దాని పుట్టుకకు తోడైన సాక్ష్యములలో ముఖ్యమైన దొకటి తెలుగు తీరముననే, గోదావరి ముఖమునందలి కోరంగి రేవున జరిగిన ఘోరము. ఈ సంగతి తెలుగు పరిశోధకులు తగినంతగా గమనింపలేదు. గమనించినచో నేడు మనము వాతావరణ పరిభాషలో చేయుచున్న కొన్ని పొరపాట్లు చేయకుందుమని నా నమ్మకము.

మాటను కల్పించినవాడు హెన్రీ పిడింగ్టన్. ఇతడు 1797లో జన్మించి, వర్తకపు ఓడలకు కప్తానుగా తూర్పు సముద్రములలో తిరిగి, పిదప ఆ వృత్తి మాని కలకత్తాలో స్థిరపడెను. అచ్చటి నౌకావిచారణ న్యాయస్థానమునకు అధ్యక్షుడుగా నుండెను. ఓడ మునిగినను, స్తంభము విరిగినను, బ్రదికి బయటపడిన కప్తానుల దినచర్య పుస్తకములు, వాఙ్మూలములు ఇతని కడకు చేరుచుండెను. ఏ దినమున ఏ గడియకు గాలి ఏ దిక్కునుండి వీచెనో ఆ పుస్తకములలో వ్రాసి యుండును. ఒకే తుపానులో చిక్కిన పది ఓడల లెక్కలను పక్కపక్కన నుంచి చూచిన యెడల, ఆ గాలులన్నియు ఒక నడిమి స్థానముచుట్టు తిరుగుచున్నవని స్పష్టమగును. ఈ సిద్ధాంతము పిడింగ్టన్‌ది కాదు. అమెరికాలో రెడ్‌ఫీల్డును, ఆంగ్లేయులలో రీడును అంతకుముందే చెప్పిరి. రీడు గ్రంథము 1838లో వెలువడినది. ఆ మరుసటి యేడాదినుండి పిడింగ్టన్ బెంగాలు ఏషియాటిక్ సొసైటీ పత్రికలో బంగాళాఖాతపు తుపానులను ఒక్కొక్కటిగా పరిశీలించి ఇరువదికి మించిన వ్యాసములు ప్రకటించెను. ఆ పత్రికను సంస్కృత శాసనములకొరకు మాత్రమే తిరుగవేయు మన పండితులు ఈ వ్యాసములను కూడ ఒకమారు చూడవలసి యున్నది.

1848లో ఇతడు నావికుల యుపయోగార్థము ఒక గ్రంథము ప్రకటించెను. దాని పేరులో ‘హార్న్‌బుక్’ అను మాట గలదు. ఆంగ్లదేశమున పూర్వము పిల్లలకు అక్షరములు నేర్పు పలకపై కాగితమంటించి, అది చిరుగకుండ పలుచని కొమ్మురేకు కప్పెడివారు. దానికి ఆ పేరు. మన బాలశిక్ష వంటిదన్నమాట. పిడింగ్టన్ తన గ్రంథమునకు తోడుగా నిజముగనే పారదర్శకములైన కొమ్మురేకులు రెండిచ్చెను. ఒకటి భూమధ్యరేఖకు ఉత్తరపు సముద్రములకు, రెండవది దక్షిణపు సముద్రములకు. వానిపై గాలి తిరుగు దిక్కు గుండ్రముగా గుర్తింపబడి యుండును. కప్తాను తన సముద్రపటముపై ఆ రేకు నుంచి, గాలి వీచు దిక్కునుబట్టి తుపాను నడిమి స్థానమెక్కడనున్నదో ఊహించి, ఓడను తప్పించుకొనవలెను. పేరునందలి శ్లేషను, ప్రాణరక్షణ సాధనమును ఒక్కచోట కూర్చిన ఈ మనుష్యుని తెలివికి నాకు మెప్పు కలదు.

ఆ గ్రంథముననే ‘సైక్లోను’ అను మాట ప్రతిపాదింపబడినది. అప్పటికి ఆంగ్లమున పెనుగాలిని చెప్పుటకు మాటలు లేకపోలేదు. గేలు, స్టార్ము, హరికేను, టోర్నడో, టైఫూను అని యెన్నియో గలవు. చిక్కెక్కడ వచ్చినదనగా, వీనిలో కొన్ని గాలి బలమును చెప్పును. కొన్ని గాలి వీచు దేశమును చెప్పును. ఒకడు హరికేనని వ్రాసినచో, గాలి బలముగా వీచెనని చెప్పుచున్నాడో, గుండ్రముగా తిరిగెనని చెప్పుచున్నాడో తెలియదు. కావున బలముతో నిమిత్తము లేక, తిరుగుటను మాత్రమే చెప్పు మాట యొకటి కావలెనని పిడింగ్టన్ తలచెను. గ్రీకు భాషలో వలయమును చెప్పు ధాతువును తీసికొని, పాముచుట్టయను అర్థమును ఉదాహరించి ‘సైక్లోను’ అనెను. పాముచుట్ట పూర్ణవృత్తము కాదు. వంపులు తిరిగినది మాత్రమే. గాలి సరిగా వృత్తాకారముననే తిరుగునని తాను సాధింపలేదు గనుక ఆ యుపమానము సరిపోవునని అతని భావము. గ్రీకు వ్యాకరణము నెరిగినవారు ఈ రూపమును సాధింపబోయి చిక్కుపడినారు. రూపసిద్ధి ఎట్లున్నను లోకము మాటను స్వీకరించినది. ఆర్షప్రయోగమని మనము కొన్నింటిని సరిపెట్టుకొనుట లేదా!

ఇక కోరంగి సంగతి. యానామునకు సమీపమున, గోదావరి పాయ సముద్రమున కలియుచోట నున్న ఈ రేవు పదునెనిమిదవ శతాబ్దియందు ఓడలు కట్టుటకును, మరమ్మతు చేయుటకును ప్రసిద్ధము. బర్మాకు కూలికిపోయిన తెలుగువారిని అచ్చటివారు కోరంగీలని పిలుచుటకు ఈ రేవే కారణము. 1789 డిసెంబరులో పెనుగాలి వీచుచుండగా మూడు మహాజలరాసులు ఒకదానివెంట నొకటి సముద్రమునుండి లేచి ఈ పట్టణముపై పడినవి. మొదటిది ఓడలను నేలపైకి తెచ్చినది. రెండవది పల్లములన్నిటిని నింపినది. మూడవది మిగిలినదానిని తుడిచివేసినది. ఇరువదివేల మంది మరణించిరని గ్రంథములయందు కలదు. పిడింగ్టన్ ఈ వృత్తాంతమును తన పరిశోధనలో ప్రత్యేకముగా పేర్కొనెను. అదే రేవు 1839 నవంబరులో మరల ధ్వంసమైనది. ఈ రెండవదానియందు మూడు లక్షలమంది చనిపోయిరని ఒక లెక్క గ్రంథమునుండి గ్రంథమునకు ప్రాకుచున్నది. ఆ కాలపు రేవుపట్టణమునకు ఆ సంఖ్య నమ్మదగినదిగా నాకు తోచదు. ఒకరు వ్రాసినదానిని వేరొకరు ఎత్తి వ్రాయుటయే కాని విచారించినవారు కానరారు. సంఖ్య ఎట్లున్నను రేవు మరల పూర్వవైభవమును పొందలేదు.

ఇచ్చట ఒక విషయము గమనింపవలెను. కోరంగిని చంపినది గాలి కాదు, నీరు. ఆ సంగతి పిడింగ్టన్‌కు బాగుగా తెలియును. 1853లో కలకత్తాకు ప్రత్యామ్నాయముగా మాతలా నదిపై కొత్త రేవు కట్టదలచినపుడు, తుపానువెంట వచ్చు జలరాశి ఆ రేవును ముంచివేయునని అతడు గవర్నరు జనరలు డల్‌హౌసీకి బహిరంగలేఖ వ్రాసెను. ఎవరును వినలేదు. అతడు 1858లో మరణించెను. పోర్ట్ క్యానింగు అను పేరుతో రేవు కట్టిరి. 1867లో తుపాను వచ్చి దానిని పాడుచేసినది. అయితే గాలికి ఒక కొత్త పేరు సృష్టించిన ఈ మహాశయుడు నీటికి మాత్రము సృష్టింపలేదు. తుపాను కెరటమను అర్థమిచ్చు రెండు పాత మాటల జంటతోనే సరిపుచ్చెను. ఆంగ్లము నేటికిని జంటమాటతోనే పని జరుపుకొనుచున్నది. గాలి పేరు లోకమంతట వ్యాపించినది. నీటికి ఏకపదము లేకపోయినది. తెలుగున సంగతి తారుమారు. అది ముందు చెప్పెదను.

మాట లోకమున పడిన పిదప దాని నడక కర్త చేతిలో నుండదు. బలమును చెప్పని మాట కావలెనని పిడింగ్టన్ కోరెను. కొలది కాలమునకే సామాన్యుల వాడుకలో సైక్లోననగా సర్వనాశనమను అర్థము స్థిరపడినది. అమెరికా నడిమి మైదానములలోని వారు నేలపై పుట్టు తొండము వంటి సుడిగాలిని కూడ ఈ పేరుతో పిలువజొచ్చిరి. 1900లో వెలువడిన ఆజ్ మాంత్రికుని కథలో బాలికను ఇంటితోకూడ ఎత్తుకొనిపోయినది అట్టి సైక్లోనే. శాస్త్రజ్ఞులు మాత్రము కర్త యుద్దేశమును కాపాడిరి. వారి పరిభాషలో వాయుపీడనము తగ్గిన స్థానముచుట్టు గాలి తిరుగుట యెల్ల సైక్లోనే. అది ఐరోపాలో నాలుగు చినుకులు రాల్చి పోవునదైనను సరే. 1863లో గాల్టన్ దీనికి ప్రతియోగిగా ‘యాంటీ సైక్లోను’ అను మాట కల్పించెను. అది పీడనము హెచ్చిన తావు, నిర్మలాకాశమునకు చిహ్నము. శాస్త్రార్థము, లోకార్థము అను ఈ రెండింటి నడుమనున్న దూరమే మన భాషలయందు అనువాదకులను తికమక పెట్టినది.

భారతీయ భాషలు ఈ మాటను ఎట్లు స్వీకరించెనో పరికించుట వినోదకరము. హిందీ ‘చక్రవాత’ మనినది. మరాఠీ ‘చక్రీవాదళ’ మనినది. వంగభాష ‘ఘూర్ణిఝడ్’ అనినది. అందు తిరుగుట సంస్కృతము, ఝడ్ దేశ్యము. మలయాళము ‘చుళలిక్కాట్టు’ అనును. అది మన ‘సుడిగాలి’కి తోబుట్టువే. ఈ నాలుగును పిడింగ్టన్ భావమునే, అనగా తిరుగుటనే, పట్టుకొన్నవి. కన్నడమున ‘చండమారుత’ము తిరుగుటను విడిచి తీక్ష్ణతను పట్టినది. ఒరియాలో ‘బాత్యా’ అందురు. ఇది సంస్కృతమున ‘వాత్యా’. పాశాదులపై య ప్రత్యయమును విధించు పాణిని సూత్రముచే సమూహార్థమున సిద్ధించిన రూపము. గాలుల గుంపు అని యర్థము. ఒక గాలి కాదు, పలు దిక్కుల గాలులు ఒక్కటిగా కూడినదను భావము తుపానునకు ఎంత చక్కగా సరిపడినది! తమిళము ‘పుయల్’ అను తన పాత మాటను వదలలేదు. మనము ‘తుపాను’ అంటిమి.

‘చక్రవాత’ శబ్దమునుగూర్చి ఒక మాట. ఇది సైక్లోనుకు అనువాదముగా పుట్టిన కొత్తమాట కాదు. భాగవత దశమస్కంధమున తృణావర్తుడను రాక్షసుడు చక్రవాత రూపమున గోకులమునకు వచ్చి బాలకృష్ణుని ఎత్తుకొనిపోవును. పోతన తెనిగించిన భాగవతమునను ఈ కథ కలదు. గోకులము ధూళిమయమగుట, ఎవరికిని కన్ను కానరాకుండుట అచ్చటి వర్ణనము. రాక్షసుని పేరు కూడ గడ్డిపరకలు సుడితిరుగుటను చెప్పునదే. అది వేసవిలో మెట్టభూములపై లేచు దుమ్ముసుడి. వాన లేదు, సముద్రము లేదు. యమునాతీరమున పుట్టిన ఈ మాటకు సముద్రపు తడి ఎన్నడును తగులలేదు. పాఠ్యగ్రంథమునందు శాస్త్రార్థమున చక్రవాతమనుటకు అభ్యంతరము లేదు. ప్రతిచక్రవాతము, సమశీతోష్ణ చక్రవాతము మొదలగు సమాసములు కల్పించుటకు అనుకూలము కూడ. ప్రతితుపానని యనలేము గదా. కాని సముద్రపు టొడ్డున నున్నవానికి ఈ మాట నిచ్చి హెచ్చరించుట మెట్టవాని దుమ్మును చూపి పల్లెకారును బెదరించుటయే యగును.

ఇక తెలుగు మాటలకు వత్తము. ‘సుడిగాలి’ మలయాళమున ఎంత పెద్దదైనను మనకు చిన్నదే. కళ్లములో పొట్టు నెగురగొట్టునది. ‘గాలివాన’ ద్వంద్వసమాసము, తిరుగుటను చెప్పదు, బలమును చెప్పదు, ఇంటిలోనున్నవాడు అనుభవించు రెండింటిని చెప్పును. పాలగుమ్మి పద్మరాజుగారి కథ 1952లో అంతర్జాతీయ కథానికల పోటీలో ద్వితీయ బహుమతి నందినది. తెలుగున దాని పేరు ‘గాలివాన’. ఆంగ్లమున సైక్లోను పేరనే ప్రసిద్ధము. అనువాదమున కథకు పరువు పెరిగినదో తరిగినదో చెప్పలేను గాని, గాలివానలోని ఇంటిపట్టు వాసన సైక్లోనులో లేదు.

‘తుపాను’ అరబ్బీ ‘తూఫాన్’ శబ్దభవము. అచ్చట దానికి జలప్రళయమని ముఖ్యార్థము. ఖురానులో నూహు కాలపు ప్రళయమునకు ఈ శబ్దమే వాడబడినది. గ్రీకు టైఫోను, చీనావారి తైఫూంగు అను మాటలతో దీనికి చుట్టరికము కలదా లేదా యని పండితులు చాలకాలముగా వాదించుచున్నారు. ఆ వాదములో దిగుటకు నాకు ఉత్సాహము లేదు. నీటిని చెప్పు మాట మన తీరమునకు చేరునప్పటికి గాలిని చెప్పు మాటగా మారినదనుట మాత్రము ముఖ్యము. కొందరు దీనిని ఫకారముతో వ్రాయుదురు. తెలుగు నాలుక పకారముతో పలుకుచున్నది. నాలుక తన సొంతము చేసికొన్నదానిని కలము మరల పరాయిది చేయనక్కరలేదని నేను పకారముతోనే వ్రాయుదును. అన్యదేశ్యమని దీనిని వెలివేసి చక్రవాతమును నిలుపవలెనను వారున్నారు. సైక్లోను కూడ ఆంగ్లమునకు అన్యదేశ్యమే. అందును గ్రీకువారెరుగని గ్రీకు. ఆంగ్లేయుడు సిగ్గుపడలేదు.

‘వాయుగుండము’ మన భాషలో ఇటీవలి కల్పన. ఎవరు కల్పించిరో గాని మిక్కిలి నేర్పుగలవారు. గుండము సంస్కృత కుండశబ్దభవము. అగ్నిగుండమునందు గొయ్యి అని యర్థము. సుడిగుండమునందు తిరుగు నీరు. కావున వాయుగుండమనగా గాలిలోని గొయ్యియు నగును, గాలి సుడియు నగును. ఆంగ్లమున ‘డిప్రెషను’ అను మాటలో గొయ్యి కలదు, సుడి లేదు. ‘సైక్లోను’లో సుడి కలదు, గొయ్యి లేదు. రెండును గల మాట మనకు దొరికినది. విచిత్రమేమనగా, పిడింగ్టన్ కోరిన లక్షణములన్నియు గల ఈ మాటను మనము సైక్లోనుకు గాక దాని చిన్నతమ్మునికి పేరుగా పెట్టితిమి. అది యట్లే స్థిరపడినది, మార్చవలసిన పనిలేదు. కాని దాని విశేషణమును మార్చవలెను. ఆ సంగతి ఇది:

వాతావరణశాఖవారి లెక్కలో గాలివేగము గంటకు 62 కిలోమీటర్లు చేరినపుడు అది తుపాను. 89 చేరినచో తీవ్రతుపాను. తుపానుకంటె ఒక మెట్టు క్రిందనున్నదానిని, అనగా 61 కిలోమీటర్లకు లోబడినదానిని, ఆంగ్లమున లోతైన డిప్రెషనందురు. తెలుగున దానిని ‘తీవ్ర వాయుగుండము’ అనుచున్నారు. లోతునకును తీవ్రతకును ఒకే మాట వాడుటచే వచ్చిన ఫలమేమి? తుపాను బలహీనపడి తీవ్ర వాయుగుండముగా మారినదని వార్త వచ్చును. విన్నవాడు బలహీనపడి తీవ్రమగుట యెట్లని విస్తుపోవును. లేదా వట్టి తుపానుకంటె తీవ్రమైనది వచ్చినదని భయపడును. దీనికి విపరీతముగా, నిన్న తీవ్రమని నేడు తీవ్రము తీసివేసి తుపానన్నారు గనుక ప్రమాదము తగ్గినదని ఇంకొకడు అనుకొనును. అది నిజమునకు హెచ్చినది. గుండమునకు సహజముగా లోతుండును. ‘లోతు వాయుగుండము’ అన్నచో ఆంగ్లమునకును సరిపోవును, తెలుగునకును సరిపోవును. ఇంత సులభమైన దిద్దుబాటు ఇంతకాలము ఎవరికిని తోపకపోవుట ఆశ్చర్యము.

ఇక ‘ఉప్పెన’. ఉప్పునీటి వెల్లువ గనుక ఉప్పెనయని లోకవ్యుత్పత్తి. ఉబ్బు, ఉప్పొంగు అను మాటలయందలి మొదటి యంశము కూడ దీనియందుండవచ్చునని నాకు తోచుచున్నది. ఉబ్బిన సముద్రమని యర్థము చెప్పుకొనవచ్చును. రెండింటిలో ఏది నిజమైనను మాట చెప్పు వస్తువు ఒక్కటే: సముద్రము తన మట్టము నుండి లేచి ఊరిమీదికి వచ్చుట. ఇది అల కాదు. అల వచ్చి పోవును; ఉప్పెన వచ్చి నిలుచును, దానిమీద అలలు ఆడును. ఈ భేదమును ఏకపదమున చెప్పగల భాష మనది. పిడింగ్టన్‌కు కొరతపడిన మాట కోరంగి వీథులలో నుండెను. కాని ఆయన గ్రీకును వెదకెను.

తీరమునందలివారు ఈ మాటను ఎంత నిశితముగా వాడుదురో చూడుడు. 1864 నవంబరు 1న బందరును ముంచి ఇంచుమించు ముప్పదివేల మందిని బలిగొన్నది ఉప్పెన. 1977 నవంబరు 19న దివిసీమపై పడి సొర్లగొంది, పాలకాయతిప్ప మొదలగు పల్లెలను తుడిచివేసినది ఉప్పెన. ఇంచుమించు 5 మీటర్ల ఎత్తున నీరు వచ్చినది. పదివేలమందికి తక్కువ కాకుండ మరణించిరి. దివిసీమలో విశేషణమేదియు లేక ఉప్పెన యన్నచో 1977దే. దానిని తుపానని ఎవరును అనరు. ఇక 1996 నవంబరు 6న కోనసీమపై వీచి కొబ్బరితోటలను నేలమట్టము చేసినదానిని కోనసీమవారు తుపాననియే చెప్పుకొందురు. రెండును వాతావరణశాఖ పుస్తకమున ఒకే జాతి. జనులు మాత్రము ఏది చంపెనో దాని పేరు పెట్టిరి. ఒకచోట నీరు, ఒకచోట గాలి.

ఇట్టి మాట మన చేతనుండగా హెచ్చరికలయందు దీనికి చోటు తగ్గిపోవుచున్నది. సముద్రము ఇన్ని మీటర్లు ఉబ్బునని ఆంగ్లప్రకటనలో నుండును. తెలుగువార్తలో అది తరచు ‘ఇన్ని మీటర్ల ఎత్తున అలలు ఎగసిపడును’ అని మారిపోవును. పల్లెకారు అలల నెరుగని వాడా? మీటరు ఎత్తు అల అతనికి నిత్యకృత్యము. మీటరు ఉప్పెన యన్నచో అతడు ఇంటినుండి లేచును. 2004 డిసెంబరు 26 తరువాత ‘సునామీ’ అను జపాను మాట ఊరూర నాటుకొన్నది. ఉప్పెన యనవలసినచోటను కొందరు సునామీవంటి అలలు అనుచున్నారు. సునామీ భూకంపముచే వచ్చునది, ఉప్పెన గాలిచే వచ్చునది. కారణము వేరు, వ్యవధి వేరు. మరియు 2021లో ఈ పేరుతో వచ్చిన చలనచిత్రము తరువాత యువజనులు కొందరికి ఉప్పెన ప్రేమకథ పేరు. జనము ఉప్పెనవలె వచ్చిరను పత్రికల ఉపమానము సరేసరి. మాట ఉపమానమున బ్రదికి అభిధయందు చచ్చుట అరుదు కాదు.

ఇది వట్టి పండితుల మాటల కలహమనుకొనువారికి ఫిలిప్పీను దీవుల యుదాహరణము చెప్పెదను. 2013 నవంబరులో హైయాను అను తుపాను వచ్చినపుడు తక్లోబాను నగరమున ఉప్పెనను గూర్చి ముందుగనే హెచ్చరికలు చేసిరి. ఆ హెచ్చరికలయందు ఆంగ్లపు జంటమాటను ఉన్నదున్నట్లు వాడిరి. జనులకు అది అర్థము కాలేదు. గాలియనుకొని ఇండ్లలోనే యుండిరి. సముద్రము లోపలికి వచ్చినది. ఆ దేశమున మృతుల సంఖ్య ఆరువేలు దాటినది. సునామీ యని చెప్పియుండినచో పరుగెత్తి యుందుమని బ్రదికినవారు చెప్పిరి. ఆ భాషకు మాట లేక చేటు వచ్చినది. మాట యుండియు వాడనివారి సంగతి ఏమనవలెను?

శాస్త్రపరిభాష దేశమంతట నొక్కటిగా నుండవలెనను వాదము బలమైనదే. 1961లో కేంద్రప్రభుత్వము పారిభాషిక పద సంఘమును స్థాపించినప్పటినుండి సంస్కృతపదముల ద్వారా ఐక్యము సాధింపవలెనను తలంపు నడచుచున్నది. తరగతిగదిలో నేను దానికి విరోధిని కాను. కాశీ విద్యార్థియు, కాకినాడ విద్యార్థియు చక్రవాతమని యొకే మాట చదువుకొనుట మంచిది. కాని పరిభాషకు రెండు వాకిళ్లున్నవి. ఒకటి పాఠశాలది, రెండవది రేవుది. పాఠశాలలో మాట తప్పినచో మార్కులు పోవును. రేవులో తప్పినచో పోవునది వేరు. రేవు మాటలను రేవులోనే ఏరుకొనవలెను. రేవున ఎగురవేయు ఒకటి మొదలు పదకొండు వరకు గల ప్రమాద సూచికలు ఓడలకై యేర్పడినవి; వానిని పత్రికలు ఊరివారికి చెప్పుటవలన వచ్చు ప్రయోజనమేమో నాకు తెలియదు. మూడవ నంబరు అన్నచో ఏమి చేయవలెనో ఏ గృహిణియు ఎరుగదు. ఉప్పెన యన్నచో ఎరుగును.

కొన్ని అనువాదములు మాత్రము బాగుగా అమరినవి. ‘తుపాను కన్ను’ ఆంగ్లమునకు మాటకు మాటయే యైనను మనకు నెమలికన్ను, కొబ్బరికాయ కన్ను ఉండుటచే పరాయిదిగా తోపదు. ఆ కన్ను తలపైకి వచ్చినపుడు గాలి నిలిచిపోవును, ఆకాశము తేటపడును. జనులు బయటికి వత్తురు. తరువాత ఎదుటి దిక్కునుండి గాలి కొట్టును. కన్ను మూసి తెరచుట అని చెప్పినచో పిల్లలకైన తెలియును. తుపానులకు 2004 నుండి బంగాళాఖాత, అరేబియా సముద్ర తీరదేశములు ఇచ్చుచున్న పేర్లను గూర్చి విశేషించి చెప్పవలసినది లేదు. 2014 అక్టోబరు 12న విశాఖపట్టణమును కుదిపినదానికి ఒమానువారి హుద్‌హుద్ అను పక్షి పేరు. 2018 అక్టోబరు 11న సిక్కోలుపై పడినదానికి పాకిస్తానువారి తిత్లీ, అనగా సీతాకోకచిలుక. గుర్తునకు పేరు కావలెను గాని అర్థము కాదు.

అన్నింటికంటె నన్ను కలవరపెట్టునది ఒక క్రియాపదము. ‘తుపాను తీరము దాటినది’ అని వార్త. సముద్రముపైనుండి నేలపైకి వచ్చినదని దాని యుద్దేశము; ఆంగ్లప్రకటనలోని క్రియకు అది అనువాదము. తెలుగున ‘దాటు’ అను ధాతువునకు అవతలికి పోవుటయే ముఖ్యార్థము. గండము దాటినది, ఏరు దాటినది, పొలిమేర దాటినది. అన్నిచోట్లను ఇక భయము లేదను ధ్వని కలదు. తుపాను తీరము దాటుచున్న గడియయే తీరవాసికి అతిఘోరమైన గడియ. ఉప్పెన వచ్చునది అప్పుడే. ఆ గడియలో రేడియో పెట్టుకొన్నవానికి ‘దాటినది’ అని వినబడినచో, అతడు తలుపు తీయుటకు లేచును. తీరమును తాకినది యనవచ్చును, నేలకెక్కినది యనవచ్చును, ఒడ్డున పడినది యన్నను అర్థమగును. తెలుగులో ఈ పనికి క్రియలు కరవు కాలేదు. ఏ తీరమునందు ఏ క్రియ వాడుకలో నున్నదో, ఇచ్ఛాపురము మొదలు తడవరకు పల్లెకారుల నడిగి వ్రాసికొనుట మన శాఖల పరిశోధక విద్యార్థులు రెండు వేసవులలో ముగింపగల పని.